కోటసారస్, బారపాసారస్: ఒకే లోయ, రెండు పొడుగు మెడలు

ఈ రెండు డైనోసార్లూ ప్రాణహిత-గోదావరి లోయలో ‘కోట’ అని పిలిచే రాతిపొరల్లో దొరికినవే. రెండూ శాకాహారులే, దాదాపు 18 కోట్ల ఏళ్ల కిందటివి. దేనికీ పుర్రె దొరకలేదు, పళ్లు మాత్రం దొరికాయి. కాబట్టి మ్యూజియంలో కనిపించే తలకాయలు ఊహించి పెట్టినవే.

పరిమాణంలో బారపాసారస్‌దే పైచేయి. పొడవు సుమారు 14 మీటర్లు. దాని తొడ ఎముక ఒక్కటే 1.7 మీటర్లు, అంటే అయిదున్నర అడుగులు. పక్కన నిలబెడితే మనలో చాలామందిని మించిపోతుంది! బెంగాలీలో ‘బడో పా’ అంటే పెద్ద కాలు, పేరు అక్కడిదే. 1961లో తవ్వకాలు మొదలైన ఏడాది రవీంద్రనాథ్ ఠాగూర్ శతజయంతి కావడంతో ఆయన పేరూ తగిలించారు. శాస్త్రీయంగా వర్ణించింది 1975లో. కనీసం ఆరు జంతువులవి, 300 దాకా ఎముకలు.

కోటసారస్ చిన్నది, 9 మీటర్లుంటుంది. తెలంగాణలోని యామన్‌పల్లిలో దొరికింది, 1988లో శాస్త్రవేత్త పి. యాదగిరి దీనికి పేరు పెట్టారు. సుమారు 12 జంతువుల ఎముకలు కలగలిసి బయటపడ్డాయి. దీని తుంటి ఎముక ఎత్తు తక్కువ, పాతకాలపు పోలికలు ఎక్కువ. బారపాసారస్ వెన్నుపూసల పక్కన లోతైన గుంటలుంటే, దీనివి సాదాగా ఉంటాయి. పళ్లు రెండింటివీ చెంచా ఆకారమే. గరుకు అంచులు మాత్రం బారపాసారస్‌కే.

చూడాలంటే? బారపాసారస్ కోల్‌కతాలోని ఇండియన్ స్టాటిస్టికల్ ఇన్‌స్టిట్యూట్‌లో ఉంది. కోటసారస్ హైదరాబాద్ బిర్లా సైన్స్ సెంటర్‌లో. మనకు దగ్గరిదీ, శాస్త్రీయ నామంలో మన యామన్‌పల్లి పేరున్నదీ ఇదే, నా ఓటు దీనికే.