రబ్బరు తలా, కిరసనాయిలు డబ్బానా: మూకీల చావు హాస్యంలో ఏది మేలు?

తలలు పేలిపోవడం, ఒళ్లు ముక్కలై ఆకాశం నుంచి రాలడం తొలినాటి మూకీ హాస్యానికి ఎంతో ఇష్టమైన విషయాలు. ఈ కోవలో జార్జ్ మెలియెస్ ఫ్రాన్సులో 1901లో తీసిన ‘రబ్బరు తల’నూ, జార్జ్ ఆల్బర్ట్ స్మిత్ ఇంగ్లండులో 1903లో తీసిన ‘మేరీ జేన్స్ మిస్‌హ్యాప్’నూ పక్కపక్కన పెట్టి చూడవచ్చు.

కనికట్టులో మెలియెస్‌దే పైచేయి. ఒక శాస్త్రజ్ఞుడు అచ్చం తన తలలాంటి తలను బల్లమీద ఉంచి కొలిమితిత్తితో గాలి ఊదుతాడు. సహాయకుడు అత్యుత్సాహంతో మరింత ఊదేసరికి అది పేలిపోతుంది. నిజానికి అక్కడ తల పెరగలేదు, కెమెరా కదలలేదు. నల్లని తెర ముందు కూర్చున్న మెలియెస్‌నే ఏటవాలు దారిమీద కెమెరా వైపు లాగి, ఆ దృశ్యాన్ని బల్ల ఉన్న దృశ్యంతో ఒకే ఫిల్ముమీద కలిపారు. దగ్గరయ్యేకొద్దీ మెడ అంచు బల్లకన్నా కిందికి జారిపోకుండా ఉండేందుకే ఆ ఏటవాలు. ఇంత లెక్క వేసిన పనికి ముచ్చట పడతాం గాని, పేలిన తలమీద మనకు జాలి కలగదు. అది మొదటినుంచీ ఒక వస్తువే.

మేరీ జేన్ అలా కాదు. లారా బేలీ నటించిన ఈ పనిమనిషి బూట్లకు పాలిష్ పెడుతూ ముఖానికి మీసంలా మసి పూసుకుంటుంది, మనవైపు కన్ను గీటుతుంది. స్మిత్ కెమెరాను దగ్గరికి తెచ్చి ఆమెతో మనకు పరిచయం చేయించిన తరువాతే, పొయ్యి రాజేయడానికి ఆమె చేత కిరసనాయిలు పోయిస్తాడు. ఆమె పొగగొట్టం గుండా ఎగిరి, ముక్కలై ఇళ్ల కప్పులమీద రాలుతుంది. ఆమె సమాధి రాతిమీద మామూలుగా రాసే ‘రెస్ట్ ఇన్ పీస్’కు బదులు ‘రెస్ట్ ఇన్ పీసెస్’ అని ఉంటుంది. ఈ చమత్కారం తెలుగులోకి రాదు: ఆంగ్లంలో ‘శాంతి’ (పీస్), ‘ముక్కలు’ (పీసెస్) అనే మాటలు దాదాపు ఒకేలా వినిపిస్తాయి.

సెసిల్ హెప్‌వర్త్ 1900లో తీసిన కారు పేలుడు చిత్రాన్నీ ఇక్కడ తలచుకోవాలి. కెమెరాను ఆపి కారును మాయం చేయడం చిన్న ఉపాయమే, కాని దుర్భిణీతో పైకి చూసి, రాలిన అవయవాలను తీరిగ్గా సర్దే పోలీసు నిబ్బరం గొప్పది.

పనితనం చూడాలనుకునేవారికి ‘రబ్బరు తల’ మేలు. నవ్వూ చావూ ఒకదాన్నొకటి పట్టుకుని నడవాలంటే మాత్రం నా ఓటు మేరీ జేన్‌కే: ఆమె దయ్యమై సమాధిలోంచి లేచి, చూడవచ్చినవారిని హడలగొట్టి, మళ్లీ ఆ కిరసనాయిలు డబ్బానే చేతికి తీసుకుంటుంది.