చేర్యాల పటం కొన్న, కానీ కథ లేకుండ తీసుకోకుండ్రి

దీపావళికి ముందు చేర్యాలల బట్ట మీద కథల బొమ్మలు గీసే ఒక నకాషీ వాళ్ల ఇంటికి పోయి, పద్మశాలీల మూలపురుషుడు భావనారుషి పటం ఆర్డర్ ఇచ్చిన, ఇరవై రోజులన్నరు, చేతికి వచ్చేసరికి సంక్రాంతి అయింది. మూడు ఫీట్ల పొడుగు, ఐదు గళ్లు (ఒక్కో గడిల కథల ఒక్కో ఘట్టం), 9,000 రూపాయలు. లేటు అయినందుకు కోపం వచ్చింది నిజమే, ఫోన్ చేసినప్పుడల్లా రేపు రేపు అన్నరు, అందుకే 5కు 4 ఇస్తున్న. పనికి మాత్రం వంక పెట్టడానికి లేదు.

హైదరాబాద్‌ల ఒక షోరూంల ఇంతకుముందు ఇట్లాంటిదే ఒకటి కొన్న, వెనక 'ట్రైబల్ ఆర్ట్' అని స్టిక్కర్ ఉంటుండె. బొమ్మల ఎవరున్నరు, ఏం జరుగుతున్నది అంటే అక్కడ ఒక్కళ్లకు తెల్వదు. నాకు అదే బాధ. ఈ పటం గోడకు తగిలియ్యడానికి పుట్టింది కాదు, పాట పాడుకుంట ఒక్కో గడి చూపించుకుంట పోవడానికి పుట్టింది. పద్మశాలీలకు మార్కండేయ పురాణం, భావనారుషి కథ చెప్పేది కూనపులోళ్లు, మాదిగోళ్లకు జాంబపురాణం చెప్పేది డక్కలోళ్లు, ముదిరాజులకు పాండవుల కథ చెప్పేది కాకిపడగలోళ్లు. పటం గీసేది నకాషోళ్లే, కానీ ఏ కులం అడిగితే ఆ కులం పుట్టుక కథ, ఆ ఊరి మాటలల్ల. మా తాతలు మగ్గం నేసినోళ్లు కాబట్టి నేను భావనారుషి అడిగిన.

బట్ట దగ్గర నుంచి చెప్త. ఖాదీ బట్టకు చింతగింజల అంబలి, సుద్దమట్టి, జిగురు కలిపి రెండు మూడు పూతలు పూసి ఆరబెడుతరు, పట్టుకుంటే అట్టలెక్క గట్టిగుంటది కానీ చుడితే పగలదు. పెన్సిల్ పెట్టరు, కుంచెతోనే నేరుగా గీత, ఆ తర్వాత వెనకంతా ఎర్రరంగు. ఇప్పుడు చానా మంది డబ్బా రంగులు వాడుతున్నరు, నేను అడిగి మరీ రాతి రంగులు వేయించుకున్న, ఎరుపు కండ్లకు కొట్టదు, ఇటుక పొడిలెక్క మెత్తగుంటది.

ఇగ మూడో గడి చూడాలె. భావనారుషి పులి మీద కూసున్నడు, చేతుల తామరతూడు నుంచి తీసిన దారం, ఎదురుంగ భద్రావతి. సూర్యుని బిడ్డ అంటరు గదా, చీర మాత్రం మా నాయనమ్మ కట్టిన గోచీ కట్టే, చేతులకు వెండి కడియాలు. నాలుగో గడిల మగ్గం గుంత, అందుల కాళ్లు దించి కూసున్న మనిషి, పక్కన కండెలు. దేవుని కథల మా ఇంటి మగ్గం కనపడ్డది, అంతకంటే ఏం చెప్పాలె. శాస్త్రం చదివి గీసినోళ్లు ఇట్ల గీయరు, ఊర్ల కథ విన్నోళ్లే గీస్తరు. పాట కూడా అట్లనే, పురాణం పేరు సంస్కృతంల ఉన్నా మాట మనది, అర్థం అడగాల్సిన పని లేదు.

పోవాలనుకునేటోళ్లకు, హైదరాబాద్ నుంచి వంద కిలోమీటర్లలోపే, 2016 దాకా వరంగల్ జిల్లా, ఇప్పుడు సిద్దిపేట. పొద్దున పోతే మంచిది, మధ్యాహ్నానికి ఎండకు పని ఆపుతరు. రంపపు పొట్టు, చింతగింజల పిండితోని చేసే ముఖాలు కూడా ఉంటయి, పిల్లలకు 300 పెట్టి ఒకటి తీసుకున్న. ప్యాకింగ్ అంత బాగలేదు, పీవీసీ పైపు మీరే తీస్కపోండ్రి, మడతబెడితే పూత చిట్లుతది.

ఇంకొకటి, డబ్బులిచ్చేముందు కథ చెప్పమని అడగండ్రి. నాకైతే ఆ నకాషీ ఇంటి పెద్దాయన పటం నేల మీద పరిచి వేలుతోని ఒక్కో గడి చూపించుకుంట చెప్పిండు, మధ్యల రెండు చోట్ల పాడిండు కూడా, ఫోన్‌ల 22 నిమిషాలు రికార్డయింది. ఇంటికి వచ్చినంక ఆ మాటలు ఉన్నవి ఉన్నట్టే తెల్లకాయితం మీద రాసి పటం కర్రకు దారంతోని కట్టిన.