దేవమాలి మీద ఒక రాత్రి: డేరా బాగుంది, లైట్లే బాగాలేవు

మేముండేది రాయగడలో. దేవమాలి కొండ ఎన్నిసార్లు ఎక్కినా చీకటి పడేలోపు దిగిపోవడమే అలవాటు. చుక్కలు చూడ్డానికి రాత్రి ఉండిపోయింది మాత్రం 2025 జనవరి 25న, చొల్లంగి అమావాస్యకు నాలుగు రోజుల ముందు. తెల్లవారుజాము దాకా చంద్రుడు రాడని లెక్క చూసుకున్నాను. మర్నాడు జెండా పండుగ, ఊళ్లకు ఊళ్లే కొండెక్కేస్తాయన్న సంగతి తట్టలేదు.

సెమిలిగుడ ఊళ్లో జీపు మాట్లాడుకున్నాం. 1,672 మీటర్ల కొండ, ఒడిశాలో ఇంతకన్నా ఎత్తైనది లేదు, అయినా రోడ్డు దాదాపు పైదాకా వెళ్తుంది. డేరాకు మనిషికి 1,200 రూపాయలు తీసుకున్నారు, రాత్రి భోజనంతో కలిపి. రగ్గులు మందం, కోడికూర వేడి. వాటికి వంక పెట్టను. కానీ డేరా డేరాకీ సీరియల్ బల్బులు, మధ్యలో నెగడు, పక్కనే స్పీకరు! చుక్కలు చూపిస్తామని పిలిచి పెళ్లిపందిరి వేశారు.

ఇంకో మోసం ఫొటోది. వాట్సాప్‌లో డేరాల వాళ్లు పంపిన పాలపుంత, పొగలా లేచిన ఆ వెలుగు, వేసవి ఆకాశానిది. పాలపుంత నడిబొడ్డు జనవరిలో నాలుగు దాటాక ఆగ్నేయంలో తల ఎత్తుతుంది, అంతలో తెల్లారిపోతుంది. ఆ నెలలో రాత్రి నెత్తి మీద కనిపించేది పలచటి వెలుగు చారే.

మేం రగ్గులు తీసుకుని తూర్పు వాలుకు, ఓ రెండొందల అడుగులు నడిచాం. పడమట సునాబెడ, దమన్‌జోడి ఊళ్ల దీపాల కాంతి ఆకాశం అంచుని తెల్లగా చేస్తుంది. తూర్పు, దక్షిణం మాత్రం కాటుకే. సెల్‌ఫోన్లు లోపల పెట్టి అరగంట కూర్చుంటే గానీ కళ్లు అలవాటు పడలేదు. అప్పటికే పడమట శుక్రుడు, కింద శని దిగిపోతున్నాయి. రోహిణి పక్కన గురుడు. బైనాక్యులర్స్‌లో దాని ఉపగ్రహాలు వరసగా కనిపించాయి. పునర్వసు జంట దగ్గర అంగారకుడు, నిప్పుకణికలా. అత్తయ్యకు బైనాక్యులర్స్ ఇవ్వబోతే, "ఎందుకు నాయనా, పిల్లలకోడి అదిగో" అని కృత్తికలను వేలితో చూపించేసింది.

నాకు బాగా నచ్చింది పది గంటలప్పుడు. దక్షిణాన అగస్త్య నక్షత్రం, ఉత్తరాన ధ్రువుడు దాదాపు ఒకే ఎత్తు. చెయ్యి చాచి ఆకాశం అంచు నుంచి కొలిస్తే అటు రెండు పిడికిళ్లు, ఇటు రెండు పిడికిళ్లు. ఢిల్లీ వాళ్లకు అగస్త్యుడు నేలబారునే ఉంటాడు. అర్ధరాత్రికి ఈశాన్యంలో మంచంకోళ్లు, అదే సప్తర్షులు, పూర్తిగా లేచాయి. ఈలోగా మంచుకి బైనాక్యులర్స్ అద్దాలు మసకేశాయి, పొడిగుడ్డ మర్చిపోయాను.

చలికి ఓర్చలేని పెద్దవాళ్లుంటే సెమిలిగుడ లాడ్జిలో దిగి, భోంచేసి, జీపులో పైకొచ్చి రెండు గంటలు చూసి దిగిపోవడమే మేలు. డేరానే కావాలంటే, సెలవు రోజు కాకుండా మామూలు రోజున రండి, లైట్లు ఎన్నింటికి ఆర్పుతారో డబ్బు కట్టకముందే అడగండి. మేమైతే ఉగాది ముందు అమావాస్యకి, తెల్లవారుజామున మూడింటికి, ఆ ఫొటోలోది చూడ్డానికి మళ్లీ వెళ్దామనుకుంటున్నాం. అత్తయ్య ఫ్లాస్కు కూడా కొనేసింది.