మోలాదే: ఎనభై దాటాక తీసిన కోపం సినిమా

ఆడపిల్లల హక్కుల మీద సినిమా అనగానే నాకు కాస్త జంకు. ఆఖర్న ఎవరో ఒకరు కెమెరా వైపు తిరిగి ఉపన్యాసం మొదలెడతారని. అలాంటివి చాలానే సగంలో ఆపేశాను. సెనెగల్ దర్శకుడు ఉస్మాన్ సెంబేన్ 2004లో తీసిన 'మోలాదే' డిస్కు కూడా ఆ భయంతోనే పెట్టాను. రెండు గంటల నాలుగు నిమిషాలూ కుర్చీలోంచి లేవలేదు.

కథ ఒక్క పల్లెటూళ్లోనే నడుస్తుంది. పశ్చిమ ఆఫ్రికాలో మట్టి గోడల ఊరు, మధ్యలో కర్రలు పొడుచుకొచ్చిన మట్టి మసీదు, దాని పక్కన ఓ పెద్ద పుట్ట. చిన్నపిల్లల జననాంగాలు కోసే తంతు అక్కడ ఆచారం, దాన్ని 'శుద్ధి' అంటారు. ఆ రోజు ఆరుగురు పిల్లలు తప్పించుకుని పారిపోతారు. నలుగురు నేరుగా కొల్లే ఇంటికొచ్చి ఆమె కాళ్ల మీద పడతారు. ఎందుకామె దగ్గరికే? తన కూతురు అమసతూని కొయ్యనివ్వని తల్లి ఊరు మొత్తానికీ ఆమె ఒక్కతే కనుక. కొల్లే వాదన పెట్టుకోదు, ఎవరినీ బతిమాలదు. రంగు నూలు తాడొకటి తెచ్చి గుమ్మానికి అడ్డంగా కట్టేస్తుంది. మోలాదే అంటే శరణు. తాడు కట్టినామె తన నోటితో విప్పుతున్నానని చెప్పేదాకా ఆ పిల్లల్ని ఎవరూ ముట్టుకోకూడదు.

ఈ తాడు చూడండి, మోకాలి ఎత్తు కూడా ఉండదు. పసిపిల్లాడు దాటేస్తాడు. కోసే ఆడవాళ్లు ఎర్ర బట్టలు కట్టుకుని గుంపుగా వస్తారు, చేతుల్లో అధికారం, వెనక ఊరి పెద్దలు. తాడు దగ్గరికొచ్చేసరికి ఆగిపోతారు. దాటితే ఏమవుతుందో వాళ్లకి తెలుసు. శరణు మీరిన పాతకాలపు రాజు సమాధే మసీదు పక్కనున్న ఆ పుట్ట అని ఊరంతా నమ్ముతుంది. అంటే కొల్లే పట్నం నుంచి పోలీసుల్ని పిలిపించలేదు, చట్టం పుస్తకం తెరవలేదు. వాళ్ల ఆచారాన్ని వాళ్ల ఆచారంతోనే నిలేసింది. నాకు ఈ సినిమాలో అన్నిటికన్నా నచ్చింది ఇదే. బయటినుంచి ఓ దేవుడు దిగొచ్చి ఈ అమాయకుల్ని ఉద్ధరించడు. ఉన్న ఊళ్లోంచే, ఉన్న నమ్మకంలోంచే తిరుగుబాటు పుట్టిస్తాడు సెంబేన్.

నేను ప్రసూతి వార్డులో నర్సుగా చేసి రిటైరైనదాన్ని. అందుకని కొన్ని సీన్లు నాకు వేరేగా తగిలాయి. కొల్లేకి ముందు ఇద్దరు బిడ్డలు దక్కలేదు. అమసతూ పుట్టింది పొట్ట కోసి తీస్తేనే. ఆ మచ్చ చూపించి మాట్లాడుతుంది ఓ చోట. కోతపడిన చోట మచ్చ కట్టి కండ గట్టిపడితే, కాన్పప్పుడు అది సాగదు. నొప్పులు గంటల తరబడి లాగుతాయి, చీలికలు, రక్తస్రావం, బిడ్డకు ఊపిరాడకపోవడం. ఇదంతా ఓ డాక్టర్ పాత్రని పెట్టి చెప్పించొచ్చు. సెంబేన్ పెట్టలేదు. ఒక్క మచ్చ చాలనుకున్నాడు, నిజంగానే చాలింది.

ఇంకో సీన్ పడగ్గదిది. మొగుడు పక్కనుండగా కొల్లే తన వేలు తానే కొరుక్కుంటుంది, రక్తం వచ్చేదాకా. మధ్యమధ్యలో చిన్నప్పటి కోత ఆమె కళ్లముందు మెదులుతుంటుంది. ఒక్క ముక్క మాట్లాడదు. పాత్ర వేసిన ఫతౌమతా కౌలిబాలీ మాలీ దేశస్థురాలు, జర్నలిస్టు, ఈ ఆచారానికి వ్యతిరేకంగా బయట కూడా పోరాడుతున్న మనిషి. మొహం చూస్తే నటన అని ఎక్కడా అనిపించదు.

మగవాళ్ల సంగతి కూడా చెప్పాలి, ఎందుకంటే సినిమా నవ్వించేది కూడా అక్కడే. ఆడవాళ్లకింత తెగింపు ఎక్కడ్నుంచొచ్చిందని పెద్దలు మసీదు ముందు కూర్చుని చర్చిస్తారు. రేడియోల నుంచని తేలుస్తారు. ఇస్లాంలో ఈ కోత తప్పనిసరి కాదన్న మాట కొల్లే విన్నది రేడియోలోనే మరి. ఇంటింటికీ తిరిగి రేడియోలన్నీ లాక్కొచ్చి మసీదు ముందు కుప్ప పోస్తారు. కుప్పలో కొన్ని ఇంకా మోగుతూనే ఉంటాయి! ఒకటి పాట, ఒకటి వార్తలు, ఆ గోల మధ్యనే పెద్దల గంభీరమైన మొహాలు. నాకు నవ్వొచ్చింది, వెంటనే ఒళ్లు మండింది.

కొల్లే భర్త చెడ్డవాడు కాదు. అన్నగారి మాట కాదనలేని మనిషి, అంతే. ఊరందరి ముందూ పెళ్లాన్ని కొరడాతో కొడతాడు, శరణు విప్పుతున్నానన్న మాట ఆమె నోటినుంచి రాబట్టాలని. గుంపులో సగం చెప్పెయ్యమని అరుస్తుంది, సగం చెప్పొద్దంటుంది. ఆమె పళ్లబిగువున నిలబడుతుంది. దెబ్బలు తినేవాళ్లకన్నా కొట్టేవాడు ముందు అలిసిపోవడం తెరమీద నేను ఇక్కడే చూశాను. ఆ తర్వాతేం జరుగుతుందో చెప్పను. కోతకి వ్యతిరేకంగా నిలబడ్డవాళ్లంతా క్షేమంగా ఇల్లు చేరతారని మాత్రం ఆశ పెట్టుకోకండి.

ఇక దర్శకుడి గురించి రెండు ముక్కలు. సెంబేన్ 1923లో పుట్టాడు. ఫ్రెంచి సైన్యంలో చేశాడు, మార్సెయ్ రేవులో మూటలు మోశాడు, నవలలు రాశాడు. తన నవలలు తన జనంలో ఎక్కువమంది చదవలేరని గ్రహించాక, నలభైకి దగ్గరపడ్డ వయసులో మాస్కో వెళ్లి సినిమా నేర్చుకున్నాడు. సినిమాని రాత్రిబడి అనేవాడు. ఈ సినిమాకి సెనెగల్, బుర్కినా ఫాసో, మొరాకో, ట్యునీషియా, కామెరూన్, ఫ్రాన్స్ అన్నీ కలిస్తే డబ్బు సమకూరింది. బుర్కినా ఫాసోలోని జెరిసో అనే ఊళ్లో, బంబారా భాషలో తీశాడు. సినిమా విడుదలయ్యేనాటికి ఆయన వయసు ఎనభై ఒకటి. ఆ ఏడాది ఫ్రాన్సులోని కాన్ చిత్రోత్సవంలో 'అన్ సర్టెన్ రిగార్డ్' బహుమతి వచ్చింది. 2007లో పోయాడు, ఇదే ఆఖరి సినిమా.

లోపాలు లేవా? ఉన్నాయి. ఫ్రాన్స్ నుంచి డబ్బుతో దిగే ఊరి పెద్ద కొడుకు ఇబ్రహీమా ఉత్త అట్టబొమ్మ. తనకి నిశ్చయమైన అమసతూని కాదని పదకొండేళ్ల పిల్లని కట్టబెడతామంటే అతనిలో ఏం కదిలిందో మనకి సరిగా అందదు. వాడికన్నా, వాడు అప్పు తీర్చడానికి వెళ్లే అంగడివాడు మెర్సెనేర్ పదిరెట్లు నయం. ఒకప్పుడు శాంతి సేనలో సైనికుడు, అధికారులు జీతాలు కాజేస్తున్నారని బయటపెట్టి జైలుపాలైనవాడు. రొట్టెలూ బ్యాటరీలూ ఎక్కువ ధరకి అమ్ముతాడు, కనిపించిన ప్రతి ఆడదానితోనూ సరసమాడతాడు, అయినా కొరడా ఆపేది వాడే. మొదటి అరగంట కాస్త నిదానం. కొన్ని సంభాషణలు వీధి నాటకంలోలా వరసగా నిలబడి ఒప్పజెప్పినట్టుంటాయి. చివర్లో మాటలు కొంచెం ఎక్కువయ్యాయి కూడా, నేను భయపడ్డంత కాదుగానీ.

డిస్కు అమ్మినవాళ్ల మీద ఓ ఫిర్యాదు. సబ్‌టైటిల్స్ తెల్లక్షరాలు, సినిమా అంతా ఎండలో మెరిసే గోడలు. గుంపు మాట్లాడే సీన్లలో సగం మాటలు ఊహించుకోవాల్సొచ్చింది. పాటలకి అనువాదమే లేదు. బొమ్మ, శబ్దం మాత్రం బాగున్నాయి.

పాత సినిమా కదా, ఇప్పుడెందుకు అనేవాళ్లకి: ఈ కోతకి వ్యతిరేకంగా బుర్కినా ఫాసో 1996లో, సెనెగల్ 1999లో చట్టం చేశాయి. అంటే సినిమా వచ్చేనాటికే అక్కడ ఇది నేరం. కానీ 2024లో యునిసెఫ్ లెక్క ప్రకారం ప్రపంచంలో ఈ కోతకి గురై బతికున్నవాళ్లు 23 కోట్లకు పైనే. గాంబియాలో 2015లో తెచ్చిన నిషేధాన్ని ఎత్తెయ్యాలని బిల్లు పెడితే 2024లో పార్లమెంటు దాన్ని తోసిపుచ్చింది, అంటే ఎత్తెయ్యాలనేవాళ్లు ఇంకా ఉన్నారన్నమాట. చట్టం కాగితమ్మీద ఉన్నా ఊరికి చేరడానికి ఏం కావాలో ఈ సినిమాలో కనబడుతుంది: ఓ రేడియో, ఓ మొండి ఆడమనిషి, ఆమె పక్కన నిలబడే సవతి. అవును, పెద్ద భార్య హజాతూని నేనింతదాకా మర్చేపోయాను. మొదట భయపడుతుంది, తర్వాత మెల్లగా ఇటువైపు జరుగుతుంది. మైమునా హెలెన్ డియారా ఆ జరగడాన్ని కళ్లతోనే చేసేసింది.

పిల్లలతో చూడొచ్చా అంటే, కోత విషయంలో చూపించేది తక్కువ, వినిపించేది ఎక్కువ. అయినా పదిహేనేళ్ల లోపు వాళ్లయితే మీరు ముందొకసారి చూసి, పక్కన కూర్చుని చూపించండి. మధ్యలో ప్రశ్నలొస్తాయి, ఆపి జవాబు చెప్పే ఓపిక ఉండాలి. నర్సింగ్ చదివే అమ్మాయిలకైతే ఆలోచించకుండా పెట్టెయ్యండి, పుస్తకంలో ఓ పేజీలో ముగించేసే విషయం ఇది.

ఐదుకి నాలుగున్నర ఇస్తాను. తగ్గిన అర ఇబ్రహీమా ఖాతాలో రాసుకోండి.