చెవిలో హోరుతో నిద్రపోవడానికి కొన్న శబ్ద యంత్రం: ఎనిమిది నెలల తర్వాత

నాకు చెవుల్లో హోరు మొదలై మూడేళ్ళు దాటింది. పగలు పనుల్లో పడి ఎలాగో నెట్టుకొచ్చినా, రాత్రి దీపం ఆర్పగానే రెండు చెవుల్లోనూ కీచురాళ్ళు గొంతు విప్పేవి. నిశ్శబ్దమన్నది ఇక ఈ జన్మలో నాకు దొరకదన్న దిగులు ఆ మోతకంటే ఎక్కువగా కుంగదీసింది. పక్కనున్నవారికి వినిపించని బాధను ఎన్నిసార్లని చెప్పుకోగలం? అందుకే మంచం పక్కన పెట్టుకుంటే వాన, ఫ్యాను లాంటి శబ్దాలు వినిపించే ఈ చిన్న యంత్రాన్ని కొన్నాను.

ఇది హోరును మాన్పదు. లోపలి చెవిలో శబ్దాన్ని పసిగట్టే రోమకణాలు దెబ్బతిని శబ్దాలు సరిగా అందనప్పుడు, ఆ లోటు పూడ్చుకోవడానికి మెదడే తన గ్రహణశక్తిని పెంచుకోవడం ఈ మోతకు ముఖ్య కారణమని పరిశోధకులు చాలామంది భావిస్తారు. పరికరం చేయగలిగిందల్లా నిశ్శబ్దాన్ని పలచన చేయడమే. మొదటి వారం హోరు పూర్తిగా మునిగిపోయేంత గట్టిగా పెట్టాను. ఆపగానే అది రెట్టింపైనట్టు తోచి ఏడుపు వచ్చింది. హోరుకంటే కాస్త తక్కువలో, రెండూ కలిసి వినిపించేలా ఉంచమని వినికిడి నిపుణురాలు చెప్పాకే దారి దొరికింది. చెవి హోరు గురించి 1990లో పావెల్ జాస్ట్రెబాఫ్ అనే పరిశోధకుడు ప్రతిపాదించిన నమూనాపై ఆధారపడిన చికిత్సలోనూ కోరుకునేది ఇదే: మోత వినిపిస్తున్నా మెదడు దాన్ని పట్టించుకోవడం మానేయాలి.

వాన శబ్దం మాత్రం నిరాశపరిచింది. రికార్డింగు చిన్నది కావడంతో, మళ్ళీ మొదలయ్యే చోట ఒక చినుకు ప్రతిసారీ ఒకేలా టప్పుమంటుంది. ఒకసారి పసిగట్టాక చెవి దానికోసమే కాచుకుని కూర్చుంటుంది. ఫ్యాను హోరులాంటి శబ్దంలో ఆ అతుకు తెలియదు, నేను అదే వాడుతున్నాను. టైమర్ గంటకు మించి లేకపోవడం, పైగా శబ్దం ఒక్కసారిగా తెగిపోవడం పెద్ద లోపం. అర్ధరాత్రి ఆ తెగిన క్షణానికే ఉలిక్కిపడి లేచి, గుండె దడతో తెల్లవార్లూ గడిపిన రాత్రులున్నాయి. ఇప్పుడు టైమర్ ముట్టుకోకుండా తెల్లవారేదాకా నడవనిస్తున్నాను.

హోరు వల్ల కలిగే బాధను కొలిచే 25 ప్రశ్నల పట్టికలో, నూటికి 64 ఉన్న నా మార్కులు 40కి దిగాయి. ఇందులో యంత్రం వాటా ఎంతో, దానితో పాటు తీసుకున్న కౌన్సెలింగ్ వాటా ఎంతో విడదీసి చెప్పలేను. మోత ఒక్క చెవిలోనే ఉన్నా, నాడితో పాటు కొట్టుకుంటున్నా, ఇలాంటివి కొనేముందు చెవి వైద్యులకు చూపించుకోండి.