కాలయాత్ర కళ్లజోడు కొనేవాళ్లు ఒక్క నిమిషం ఆగండి

అన్నలూ, అక్కలూ, వెనకటి కాలానికి వెళ్లేవాళ్ల కోసమని ఒక కళ్లజోడు ఆన్‌లైన్‌లో తెగ అమ్ముతున్నారు. నల్ల ఫ్రేము, రాగిరంగు అద్దాలు, వెనక రబ్బరు పట్టీ. ప్రయాణంలో మెరుపుకీ, దుమ్ముకీ, గ్రహణానికీ మూడింటికీ ఇదొక్కటే చాలంటారు. 4,200 పోసి కొన్నాను. మీరు కొనకండి.

నేను వెళ్లింది గుంటూరుకి. 1868 ఆగస్టు 18, విభవ నామ సంవత్సరం, శ్రావణ అమావాస్య. ఆ రోజు సంపూర్ణ సూర్యగ్రహణం. జాన్సెన్ అనే ఫ్రెంచి శాస్త్రవేత్త అంత దూరం నుంచి వచ్చి మన గుంటూరులోనే దుర్భిణి పెట్టుకున్నాడు. సూర్యుడి అంచున ఎగిసే మంటల వెలుగుని విడగొట్టి చూశాడు. ఆ గ్రహణంలో కనబడ్డ పసుపు గీతతోనే హీలియం కథ మొదలైంది. ఆ వాయువు భూమి మీద దొరకడానికి మాత్రం 1895 దాకా పట్టింది. బందరులో మద్రాసు అబ్జర్వేటరీ పాగ్సన్ కూడా అదే గ్రహణం కోసం కాచుకుని ఉన్నాడు కానీ, కాలబండి అతను రెండు ఊళ్లకీ కలిపి చెప్పిన కిరాయి విని గుంటూరుతో సరిపెట్టుకున్నాను.

దిగీ దిగగానే పట్టీ పోయింది. మనం బండిలో కూర్చున్నది పది నిమిషాలే అయినా, రబ్బరుకి మాత్రం నూట యాభై ఏళ్లు గడిచినట్టున్నాయి. చెయ్యి వేయగానే అప్పడంలా విరిగింది. చేసేదిలేక తువ్వాలు చింపి, జోడుని తలకి కట్టేసి గట్టిగా ముడేశాను. ఈ ముడి సంగతి గుర్తుపెట్టుకోండి, మళ్లీ వస్తుంది.

ఊళ్లో అప్పటికే పట్టుస్నానాలు చేసి తడిబట్టలతో తిరుగుతున్నారు. ఏ కాలంలోనైనా ఈ జోడు ఎవరి కంటా పడదని ప్రకటనలో ఉందా, పిల్లలంతా నా వెనకే. ఒక పెద్దాయన దగ్గరికొచ్చి, "ఏం నాయనా, కళ్లకలకా?" అని జాలిగా అడిగాడు. అవునన్నాను. నందివర్ధనం పూలు పెట్టుకోమన్నాడు.

గ్రహణం పట్టింది. బటన్ నొక్కి గ్రహణం సెట్టింగు పెట్టాను. అప్పుడే అనుమానం రావాల్సింది నాకు. సెట్టింగు పెట్టాక కూడా ఎదురుగా వేపచెట్టు ఆకులు, ఆ పెద్దాయన చేతిలో చెంబు, చెంబు మీద సొట్టతో సహా కనబడుతున్నాయి. అసలైన గ్రహణం అద్దంలోంచి సూర్యుడు తప్ప ఇంకేదీ కనబడకూడదు. ఇంట్లో పెట్టుకుంటే కటిక చీకటి, మహా అయితే బాగా వెలిగే బల్బు మసగ్గా కనబడాలి. అది తెలిసి కూడా, ఇంత డబ్బు పోశాను కదా అని తలెత్తి ఐదారు సెకన్లు చూశాను. నొప్పేమీ లేదు. అదే మోసం. కంటి వెనక రెటీనాకి నొప్పి తెలీదు, కాలినా చెప్పదు. మర్నాడు పేపరు చదువుతుంటే ప్రతి మాటలో నడిమి అక్షరం మాయం. చాలామందికి నెలల్లో తగ్గుతుంది, కొందరికి ఆ మచ్చ ఉండిపోతుంది అన్నారు కళ్ల డాక్టరు. నాది ఇంకా పూర్తిగా పోలేదు.

చూపు తిప్పేసుకుని వేపచెట్టు నీడలో నిలబడ్డాను. ఆకుల సందుల్లోంచి పడే వెలుగు నేలంతా చిన్న చిన్న నెలవంకల్లా పరుచుకుంది. పైసా ఖర్చు లేదు, కంటికి ప్రమాదం లేదు. నిజం చెప్పొద్దూ, ఆ రోజు మొత్తంలో బాగా చూసింది అదే.

ఇక సంపూర్ణం. సూర్యుడు పూర్తిగా మూసుకుపోయిన ఆ కాసేపే ఉత్తకళ్లతో చూడొచ్చు. గుంటూరులో అది ఐదు నిమిషాలకు పైనే. సరిగ్గా చీకటి పడగానే జోడులో ఏదో టిక్కుమంది, అద్దాలు తారులా నల్లబడ్డాయి. చూడకూడనప్పుడు తేటగా ఉండి, చూడాల్సినప్పుడు మూసుకుపోయాయన్నమాట. తీసేద్దామంటే తువ్వాలు ముడి. చెమటకి బిగిసిపోయింది. చుట్టూ జనం కేకలు, కాకుల గోల, నేను గుడ్డివాడిలా ముడితో కుస్తీ. చివరికి ఒక పిల్లాడు పళ్లతో కొరికి విప్పాడు. నాకు దక్కింది ఆఖరి అర నిమిషం. ఇలాంటి గ్రహణం 2027 ఆగస్టు 2న ఈజిప్టులో లక్సర్ దగ్గర ఆరు నిమిషాలకు పైగా ఉంటుంది. ఏ కాలబండీ అక్కర్లేదు, విమానం టికెట్ చాలు.

కొనేముందు రేటింగ్ చూడలేదా అంటారేమో. చూశాను, అన్నీ ఐదు నక్షత్రాలే. తీరా ఇప్పుడు తేదీలు చూస్తే సగం 2031వి. పెట్టె మీద ఐఎస్ఓ 12312-2 అని కూడా ఉంది. గ్రహణం అద్దాలకి ఉండాల్సిన నంబరు అదే, కానీ నంబరు ఎవడైనా అచ్చేసుకోవచ్చు. బయల్దేరే ముందు ఇంట్లో లైటు వేసి పెట్టుకుని చూడండి, గోడ మీద క్యాలెండరు కనబడిందంటే వాపసు పంపేయండి. గీత పడినా, చిల్లు పడినా అంతే. వెల్డింగ్ అద్దంతో చూస్తే అది 14వ నంబరుదై ఉండాలి. 1980 గ్రహణానికి మా నాన్న ఎక్స్‌రే ఫిల్ములోంచి చూశారట, అదీ తప్పే.

కంపెనీకి ఫోన్ చేశాను. ఆ అమ్మాయి చాలా మర్యాదగా మాట్లాడింది.

"వారంటీ కొన్న రోజు నుంచి ఏడాది సార్. మీకు పాడైంది ఎప్పుడు?"

"1868లో."

"అంటే కొనకముందే పాడైంది కదా సార్. వారంటీ ఇంకా మొదలవలేదు."

మా తమ్ముడు "1915కి వెళ్లు అన్నయ్యా" అన్నాడు. నేను బండి అతనికి ఫోన్ చేసి 1915కి కిరాయి ఎంతో కూడా అడిగాను. అది వినియోగదారుల హెల్ప్‌లైన్ నంబరట. చేశాను, ఫిర్యాదు రాసుకున్నారు. నష్టం జరిగిన రెండేళ్లలోపు వినియోగదారుల కమిషన్‌లో కేసు వేయాలని చట్టం. నాకు నష్టం జరిగి నూట యాభై ఏళ్లు దాటిందని కంపెనీ వకీలు అప్పుడే నోటీసు పంపాడు. రాగిరంగు అద్దాల జోడు కొని, ఈ మధ్యే, అంటే గత రెండేళ్లలోపు కాలానికి వెళ్లి దెబ్బతిన్నవాళ్లు ఎవరైనా ఉంటే కాస్త బిల్లు పట్టుకుని నన్ను కలవండి.