మనీ ప్లాంటా, స్నేక్ ప్లాంటా, అరెకా పామా: పిల్లి ఉన్న ఇంటికి ఏది మేలు?

పిల్లిని పెంచేవాళ్లు పదేపదే అడిగే ప్రశ్న ఇది. మొదటి రెండూ విషపు మొక్కల జాబితాలో ఉన్నవే. కానీ జాబితాలో పేరుందా లేదా అన్నదానికంటే నేను చూసేది వేరు: కొరకగానే పిల్లిని ఆపే విషమా, చడీచప్పుడు లేకుండా లోపల పని కానిచ్చే విషమా?

మనీ ప్లాంటు ఆకు కొరికితే సూదుల్లాంటి కాల్షియం ఆక్సలేట్ స్ఫటికాలు నాలుకకు, చిగుళ్లకు గుచ్చుకుంటాయి. పిల్లి చొంగ కారుస్తూ, ముందుకాలితో మూతి రుద్దుకుంటూ పక్కకు తప్పుకుంటుంది. బాధే, కానీ ప్రాణం మీదికి రావడం అరుదు. స్నేక్ ప్లాంటులోని సపోనిన్లనే రసాయనాలు వాంతులు, విరేచనాలు తెస్తాయి. అవి మొదలయ్యేది తిన్న తర్వాతే. అందుకే ఈ రెండింటిలో నా ఓటు మనీ ప్లాంటుకు, అదీ తీగ కిందికి వేలాడకుండా కత్తిరిస్తూ ఉంటేనే. కలబంద కూడా స్నేక్ ప్లాంటు బాపతే.

నిజంగా భయపడవలసింది లిల్లీకి. పీస్ లిల్లీ పేరుకే లిల్లీ, దాని విషం మనీ ప్లాంటు తరహాదే. అసలు లిల్లీ (లిలియం జాతిది), డే లిల్లీ మాత్రం పిల్లి కిడ్నీలను దెబ్బతీస్తాయి. ఆకు, రేకు, పూలు పెట్టిన నీళ్లు, అన్నీ విషమే. కొరకనక్కర్లేదు కూడా. పువ్వును రాసుకుంటూ వెళ్లి, బొచ్చుకు అంటిన పుప్పొడిని నాకినా చాలు. మొదట వాంతులై, తర్వాత తేరుకున్నట్టు కనిపించడంతో చాలామంది మోసపోతారు. ఒకటి నుంచి మూడు రోజుల్లో కిడ్నీలు పనిచేయడం మానేస్తాయి. అనుమానం వస్తే లక్షణాల కోసం ఆగకూడదు. 18 గంటలలోపు సెలైన్ ఎక్కిస్తే బతికే అవకాశం ఎక్కువ. బహుమతిగా వచ్చిన పూలగుత్తిలో ఉన్నా సరే, లిల్లీని గుమ్మం దాటనివ్వను.

మొత్తం మీద నా ఎంపిక అరెకా పామ్. అది పిల్లికి విషం కాదు. కొనేటప్పుడు సాగో పామ్‌ను చూసి అదే అనుకోవద్దు. పేరులో పామ్ ఉన్నా అది సైకస్ జాతి, కాలేయాన్ని పాడుచేస్తుంది, గింజలు మరీ ప్రమాదం. అరెకా ఆకు మెత్తగా వంగుతుంది. సాగో ఆకు బిరుసుగా ఉండి కొసన ముల్లులా గుచ్చుకుంటుంది.

స్పైడర్ ప్లాంట్, బోస్టన్ ఫెర్న్ కూడా విషం కావు. మరీ ఎక్కువ నమిలితే పిల్లి కక్కుతుంది, అంతే.